తన గాయము తానే మాన్పుకొను కట్ట

నేటి వైజ్ఞానిక కల్పనాకథలలో ఒక వింత ఊహ వినవచ్చుచున్నది. అందలి నాయకుడు మనుష్యుడు కాడు, ఒక స్ఫటికము. అది రాయివలె చల్లగా, కఠినముగా ఉండును గాని ప్రాణము కలది. దానికి పూర్తి తెలివి లేదు. బొత్తిగా తెలివి లేదనుటకును వీలు లేదు. లోకమున ఎచ్చటనైనను ఉన్నది ఉన్నట్లు నిలువక నిజమునకే బీట వారినచో, ఆ బీటలో ఈ స్ఫటికపు ముక్క నొకదానిని ఉంచుదురట. అది మెల్లగా పెరిగి, చుట్టుప్రక్కల నున్నదానిని తడవి చూచి, ఇచ్చట ఏమి ఉండవలెనో గ్రహించి, సందును పూడ్చి, లోకమును మరల యథాస్థితికి తెచ్చునట.

ఈ మాట విన్న ఇంటి పెద్దలు, "కథకేమి, కాళ్లా చేతులా? గోడ బీటవారినచో మేస్త్రిని పిలువవలె గాని అది తానై అతుకుకొనునా?" అని నవ్వుకొందురు. ఆ నవ్వు సహజమే. కాని నేడు మీతో ముచ్చటింపదలచినది ఆ కథను గూర్చి కాదు. ఆ కథకు మిక్కిలి దగ్గరగా నిలిచిన ఒక నిజమును గూర్చి. దానిని చూచుటకు వేరొక గ్రహమునకు పోనక్కరలేదు. కామారెడ్డి జిల్లా నాగిరెడ్డిపేట మండలమున, ఎల్లారెడ్డికి మెదకునకు నడుమ, పోచారము ఆనకట్ట కడకు పోయిన చాలును.

మెదకు పట్టణమునుండి సుమారు 15 కిలోమీటర్ల దూరమున, అడవి అంచున, ఆలేరు వాగునకు అడ్డముగా ఈ కట్ట నిలిచియున్నది. ఈ వాగు మంజీరలో కలియును. ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీఖాను ఏలుబడిలో, 1916కును 1922కును నడుమ, రాతితోను సున్నముతోను దీనిని కట్టిరి. ఆ దినములలోనే మెదకున పెద్ద చర్చి లేచుచుండెను. అది 1924లో పూర్తియైనది. పోచారము పని ముగిసిన మరుసటి యేడు, అనగా 1923లో, మంజీరపైన నిజాంసాగరమునకు పునాది పని మొదలైనది. ఆ పెద్ద సాగరము పేరు ఎల్లరకు తెలిసినది. దానికి ముందు పుట్టిన ఈ చిన్న అక్క పేరు ఆయకట్టు రైతులకును, చలికాలమున అచ్చట దిగు బాతులను చూడవచ్చువారికిని మాత్రమే తెలియును. చుట్టునున్న అడవి ఒకప్పుడు నిజాము వేటకు విడిచిన పట్టు. 1952లో దానిని వన్యప్రాణుల రక్షితస్థలముగా ప్రకటించిరి. ఆ రక్షితస్థలమునకు పేరు వచ్చినది ఈ చెరువువలననే.

2025వ సంవత్సరము ఆగస్టు నెలాఖరున కామారెడ్డి, మెదకు జిల్లాలపై మేఘము విరిగిపడినట్లు వాన కురిసినది. కొన్నిచోట్ల ఒకటి రెండు దినములలోనే 40 సెంటీమీటర్లకు పైగా వాన పడినది. రోడ్లు తెగినవి. రైలుకట్టలు కొట్టుకొనిపోయినవి. పోచారమునకు, దానిని కట్టిన ఇంజనీర్లు లెక్కవేసికొన్నదానికి రెండింతలకు మించిన వరద వచ్చినది. మత్తడి దుంకుట ఆ ప్రాంతపు జనులకు ఏటేట ముచ్చటైన దృశ్యమే. కాని ఆనాటిది ముచ్చట కాదు. నీరు కట్టమీదుగనే పోయినది. దిగువ పల్లెలవారు ఇండ్లు విడిచి మెరకకు చేరిరి. ఒక ప్రక్క మట్టి కోసికొనిపోయి పెద్ద గొయ్యి పడినది. అయినను ఆ నూరేండ్లు దాటిన రాతిగోడ నిలిచినది.

"ఆ ముసలి గోడ ఎట్లు నిలిచినది?" అని జనులు ఆశ్చర్యపడిరి. గట్టి రాయి, మంచి పునాది, నేర్పరులైన పనివారు, చక్కని రూపకల్పన అని ఎవరైనను చెప్పుదురు. అవి అన్నియు నిజమే. వానితోపాటు మరియొక కారణమును మనము మరచిపోవుదుము. అది రాళ్ల నడుమ కనబడక దాగియున్న సున్నము. నేటి నా ప్రసంగమునకు నాయకుడు అతడే.

సున్నము కథను మొదటినుండి చెప్పవలెను. సున్నపురాయి భూమిలో పుట్టినది. అది సున్నపు స్ఫటికముల ముద్ద. దానిని బట్టీలో పేర్చి సుమారు 900 డిగ్రీల వేడికి కాల్చినచో దానిలోని బొగ్గుపులుసు వాయువు ఎగిరిపోవును. నూరు భాగముల రాయి తూచి కాల్చినచో 44 భాగములు గాలిలో కలియును. 56 భాగములు కాల్చిన సున్నమై మిగులును. దానిమీద నీరు చల్లినచో బుసబుస పొంగి, కుతకుత ఉడికి, మెత్తని తెల్లని పిండియగును. తమలపాకునకు సున్నము రాయు ప్రతి ఇల్లాలికి ఈ రూపము తెలిసినదే.

ఇంతవరకు సున్నము రాయి రూపమును విడిచినది. ఇక మరల రాయియగుటకు బయలుదేరును. ఇసుకతో కలిపి గోడలో పెట్టినప్పటినుండి అది గాలిలోని బొగ్గుపులుసు వాయువును కొద్దికొద్దిగా పీల్చుకొనును. బట్టీలో విడిచిన ఆ 44 భాగములను తిరిగి తెచ్చుకొనును, నీటిని వదలును, చివరకు భూమిలోనుండి తీసిననాటి సున్నపురాయియే యగును. ఇది ఒక దినమున జరుగు పని కాదు. గోడ పైభాగము కొన్ని నెలలలో గట్టిపడును. దళసరి గోడ నడుమ నున్న సున్నమునకు గాలి అందుటకు ఏండ్లు, పదుల యేండ్లు పట్టును. కావున పాతగోడ కడుపులో ఇంకను రాయి కాని సున్నము కొంత మిగిలియుండుట సాధారణము. ఆ మిగులే గోడకు నిలువచేసిన మందు.

ఇప్పుడు అట్టి గోడలో ఒక సన్నని పగులు పుట్టినదని ఊహింపుడు. ఎండకు వ్యాకోచించి, చలికి ముడుచుకొని, పునాది వెంట్రుకవాసి కదలినను పగులు కలుగును. వాన కురియును, లేదా చెరువు నీరే ఆ సందులోనికి ఊరును. ఆ నీరు లోపలి సున్నమును కొంచెము కరగించుకొని బయలుదేరును. పగులులో గాలి తగిలినచోట, ఆ నీటిలోని సున్నము బొగ్గుపులుసు వాయువుతో కలిసి, కరగి యుండలేక, స్ఫటికములై పేరుకొనును. మొదట పగులు గోడలకు ఇరుప్రక్కల చిన్న ముండ్లవలె మొలచును. ఆ ముండ్లు ఎదురెదురుగా పెరిగి ఒకదానితో నొకటి కలిసికొనును. కొన్ని వారములకో నెలలకో సందు మూసికొనును. నీరు ఆగును. నీరు ఆగినచో కరగుటయు ఆగును. పని ముగిసినదని ఎవరును చెప్పకయే పని నిలిచిపోవును.

చూడుడు, కథలోని స్ఫటికమునకు దీనికి ఎంత పోలిక! గాయమున్న చోటికే పోవును. గాయము ఎంత లోతో అంతే పూడ్చును. పూడ్చినపిదప ఊరక యుండును. నూరేండ్లు నిద్రించినను నీరు తగిలినచో మేల్కొనును.

అట్లయిన సున్నమునకు తెలివి కలదా? ఈ ప్రశ్న పిల్లలు అడుగుదురు. శాస్త్రజ్ఞులును ఒకప్పుడు అడిగిరి. స్ఫటికములు పెరుగుట, విరిగిన మూలను మరల సరిచేసికొనుట, వీనిని చూచినవారికి ఇది ప్రాణలక్షణమేమో యని తోచుట తప్పు కాదు. మీ ఇంట పటికతో ఈ వింతను చూడవచ్చును. వేడినీటిలో పటికను కరగినంత కరగించి, చల్లార్చి, మూల విరిగిన పటిక పలుకు నొకదానిని దారముతో అందులో వ్రేలాడదీయుడు. కొన్ని దినములలో విరిగినచోట మిగిలినచోట్లకంటె వేగముగా పెరిగి, ఆ మూల మరల ఏర్పడును. పంతొమ్మిదవ శతాబ్ది నడుమ పాశ్చరు అను మహనీయుడు ఇట్టి మానుటను శ్రద్ధగా గమనించెను.

మన దేశమున ఆచార్య జగదీశచంద్ర వసు 1902లో ప్రకటించిన గ్రంథమున, లోహములును ఉత్తేజమునకు స్పందించుననియు, అలసిపోవుననియు, విశ్రాంతితో తేరుకొనుననియు ప్రయోగములు చూపెను. 1935లో అమెరికాలో వెండెల్ స్టాన్లీ పొగాకు ఆకులకు మొజాయిక్ తెగులు తెచ్చు సూక్ష్మపదార్థమును స్ఫటికముల రూపమున వేరుచేసెను. సీసాలో ఉన్నంతకాలము అది ఉప్పుపలుకువలె పడియుండును. ఆకుమీద పడినచో వేలు లక్షలుగా పెరుగును. ప్రాణము ఇచ్చట మొదలు, జడము ఇచ్చట తుది అని గీత గీయుట ఎంత కష్టమో లోకమునకు ఆనాడు తెలిసినది. ఆయనకు 1946లో నోబెల్ బహుమానము వచ్చినది.

మన తెలుగువారిలో ఈ స్ఫటికలోకపు నియమములను లోతుగా పరిశోధించిన పెద్ద సూరి భగవంతముగారు. కృష్ణాజిల్లా అగిరిపల్లిలో 1909లో పుట్టి, సి.వి. రామను గారి శిష్యుడై, ఉస్మానియా విశ్వవిద్యాలయమునకు ఉపాధ్యక్షుడుగ పనిచేసిన ఆ విద్వాంసుడు, స్ఫటికమునందలి అమరికకును దాని గుణములకును గల సంబంధమును గణితముతో నిరూపించి గ్రంథములు వ్రాసెను. ఈ విద్య చెప్పునది ఒక్కటే: స్ఫటికము పెరుగుట కోరికవలన కాదు, అమరికవలన. ఒక అణువు ప్రక్కన మరియొక అణువు ఎచ్చట కుదురుకొనునో అచ్చటనే కుదురుకొనును. విరిగినచోట కుదురుకొను తావులు ఎక్కువ గనుక అచ్చట వేగముగా పెరుగును. మనము "తెలివి" యని మురిసినది ఆ తావులలో ఉన్నది. సున్నమునకు చేయి కలదు, కన్ను లేదు.

ఈ మాటను జ్ఞాపకముంచుకొనుడు. ఏలయనగా ఇప్పుడు కథలోనివారు చెప్పని సంగతి ఒకటి చెప్పవలసియున్నది.

పాత ఆనకట్టల దిగువ ముఖమున తెల్లని చారలు కనబడును. ఎవరో సున్నము ఒలకబోసినట్లుండును. అవి ఈ మానుటకు గుర్తులే. కాని అవియే రోగమునకును గుర్తులు కావచ్చును. పగులు సన్నముగా ఉన్నంతవరకు నీరు మెల్లగా ఊరును. సున్నము అచ్చటనే పేరుకొని సందు మూయును. పగులు పెద్దదైనచో నీరు పరుగెత్తును. పరుగెత్తు నీరు సున్నమును కరగించుకొని గోడలో నిలువనీయక బయటికి మోసికొనిపోవును. అప్పుడు గోడ తన మందును తానే పారబోసికొనును, లోపల డొల్లయగును. ఒకే నీరు, ఒకే సున్నము, ఒకే నియమము. సన్నని గాయమునకు మందైనది పెద్ద గాయమునకు విషమగును. ఈ రెంటికిని మేర సుమారు మిల్లీమీటరులో కొద్ది భాగము మాత్రమే.

మానుచున్న చార యేది, కారుచున్న చార యేది? సున్నమునకు తెలియదు. తెలిసికొనవలసినవాడు మనుష్యుడు. చార ఎండియున్నదా, తడిగా ఉన్నదా? పోయిన వానకాలముకంటె వెడల్పైనదా? ఊరు నీరు తేటగా ఉన్నదా, మట్టితో మసకగా ఉన్నదా? తెలంగాణపు పల్లెలలో నీరడి అను గ్రామసేవకుడు ఉండెడివాడు. తూము తీయుట, మూయుట, కాలువ వెంట తిరిగి ఏ పొలమునకు ఎంత నీరో పంచుట, వానరాత్రి కట్టమీద కాపు ఉండుట అతని పని. కట్ట తడిసినచోట కాలు మోపి ఆ మెత్తదనముతోనే ప్రమాదమును పసిగట్టువాడు. కథలోని స్ఫటికమునకు ఇచ్చిన ఆ సగము తెలివి, నిజముగా ఆ నీరడిది. సున్నపు చేతికి అతని కన్ను తోడైనప్పుడే ఆ ప్రాణి పూర్తియైనది.

ఇక మరమ్మతు సంగతి. ఇంగ్లండులో 1824లో పోర్ట్‌లాండు సిమెంటుకు పేటెంటు పుట్టినది. అది త్వరగా గట్టిపడును. ఎక్కువ బరువు మోయును. సంచి విప్పి నీరు కలిపిన చాలును. దాని మేలును కాదనువారు లేరు. నేటి పెద్ద కట్టడములు దాని చలువయే. కాని పాత సున్నపు గోడకు సిమెంటు పూత పూయుటలో ఒక చిక్కు కలదు. సున్నపు గోడ ఊపిరి తీయును. లోపలి తడిని మెల్లగా బయటికి వదలును. కొద్దిగా కదలినను సర్దుకొనును. సిమెంటు పూత బిగువుగా, బిరుసుగా ఉండును. తడిని లోపలనే బంధించును. ఆ తడి, దానితోడి లవణములు, పాత సున్నమును, కొన్నిచోట్ల రాతిని సైతము తినివేయును. పైకి గోడ కొత్తగా మెరయును. కొన్నేండ్లకు పూత పెచ్చులుగా ఊడునప్పుడు, దానితోపాటు పాతగోడ ముఖము కూడ ఊడివచ్చును.

హైదరాబాదులో గోలకొండ ప్రక్కనున్న కుతుబ్‌షాహీ సమాధులకు ఇదే జరిగినది. ఇరువదవ శతాబ్దిలో చేసిన మరమ్మతులలో సిమెంటు పొరలు వేసిరి. 2013నుండి ఆగాఖాన్ సాంస్కృతిక సంస్థ రాష్ట్ర పురావస్తుశాఖతో కలిసి అచ్చట పని చేపట్టినప్పుడు, మొదట చేయవలసివచ్చిన పని ఆ సిమెంటును ఓపికగా చెక్కివేయుట. పిదప పూర్వపు పద్ధతిని సున్నము నూరి పూసిరి. మందు మాన్పుటకు ముందు పాతమందు విషమును దించవలసివచ్చినదన్నమాట.

ఆ పూర్వపు పద్ధతి యేది? పెద్దలు డంగుసున్నమందురు. గుండ్రని రాతి కాలువలో తడిపిన సున్నము, ఇసుక వేసి, ఎద్దులు త్రిప్పు రాతిచక్రముతో గానుగ ఆడించెడివారు. నీటి కట్టడములకు సుర్కీ, అనగా కాల్చిన ఇటుకల పొడి, చేర్చెడివారు. ఆ పొడిలోని పదార్థము సున్నముతో కలిసి నీటి అడుగునను గట్టిపడును. కొన్నిచోట్ల బెల్లపు నీరు, కరక్కాయ కషాయము కూడ వాడిరి. ఎన్ని దినములు నానవలెను, ఎన్ని చుట్లు తిరుగవలెను, చేతబట్టినప్పుడు ఎంత జిగురుగా ఉండవలెను అనునది మేస్త్రి వ్రేళ్లకు తెలియును. పుస్తకమున వ్రాసినది తక్కువ. గానుగలు మూలపడినవి. ఆ వ్రేళ్లవారు ఒక్కొక్కరుగా పోవుచున్నారు. నేడు మనము నిజముగా పోగొట్టుకొనుచున్నది గోడను కాదు, గోడను మాన్పు విద్యను.

విచిత్రమేమనగా, మనము విడిచిన దారిని ప్రపంచము మరల వెదకుచున్నది. రెండువేల యేండ్లనాటి రోమనుల కట్టడములు సముద్రపుటొడ్డునను ఎట్లు నిలిచినవో తెలిసికొనుటకు, అమెరికాలోని మసాచుసెట్స్ సాంకేతిక విద్యాసంస్థకు చెందిన అద్మీర్ మాసిచ్ మున్నగు పరిశోధకులు పూనుకొనిరి. ఆ గచ్చులో అచ్చటచ్చట తెల్లని సున్నపు పలుకులు కనబడును. పూర్వము వానిని సరిగా కలుపని పనివాని తప్పుగా తలచిరి. ఆ పలుకులే పగుళ్లను పూడ్చు నిధులని 2023లో ఈ పరిశోధకులు ప్రకటించిరి. ఆ తీరున గచ్చు చేసి, పగులగొట్టి, అరమిల్లీమీటరు సందుగుండ నీరు పారించి చూచిరి. రెండు వారములలో సందు మూసికొన్నది.

నెదర్లాండ్సులోని డెల్ఫ్ట్ నగరమున హెంక్ యోంకర్స్ అను శాస్త్రజ్ఞుడు ఇంకొక అడుగు ముందుకు వేసెను. కొన్ని సూక్ష్మజీవులు తిండి నీరు లేనప్పుడు విత్తనమువలె ముడుచుకొని చిరకాలము నిద్రింపగలవు. వానిని ఆహారముతో సహా కాంక్రీటులో దాచియుంచిరి. పగులు పుట్టి నీరు చేరినంతనే అవి మేల్కొని, ఆహారమును తిని, సున్నపు స్ఫటికములను కట్టి సందును పూడ్చును. ప్రాణము గల జీవి, దాని పని స్ఫటికము కట్టుట, దాని ఫలము పగులు మానుట. కథలో చెప్పిన ప్రాణికి ఇంతకంటె సమీపబంధువు లేడు. అయితే దానికిని మేర ఉన్నది. మిల్లీమీటరుకు మించిన పగులును అదియు పూడ్పజాలదు.

ఇంతదూరమేల? మన ఒంటిలోనే అట్టి ప్రాణి కలదు. అది ఎముక. ఎముక బరువులో ఎక్కువపాలు సున్నపు జాతి స్ఫటికములే; వానిని కట్టు కణములు, కరగించు కణములు ఎడతెగక పనిచేయుచుండును. పిల్లవాడు చెట్టునుండి పడి చేయి విరుగగొట్టుకొన్నచో అచ్చట కొత్త ఎముక పుట్టి అతుకుకొనును. అయినను కట్టు కట్టువాడు ఎముకను సరిగా కూర్చి, కదలకుండ బద్దలు వేయవలెను. వదలివేసినచో అతుకు పడును గాని వంకరగా పడును. లోపలి స్ఫటికము అతుకును. తిన్నగా నిలుపు బాధ్యత మాత్రము బయటి చేతిది. కట్టల సంగతియు ఇంతియే.

శ్రోతలారా! "నిజమును మరమ్మతు చేయుట" అను మాట కథలో వినుటకు గొప్పగా ఉండును. పోచారము దిగువ ఆయకట్టు పల్లెలో అది గొప్ప మాట కాదు, దినదినపు మాట. ఆ కట్ట నిలిచియున్నది గనుక ఈ నెలలో నారు పోయుదురు, ఆ నెలలో నాటు వేయుదురు, పంట వచ్చినపిదప బిడ్డ పెండ్లి చేయుదురు, అప్పు తీర్చుదురు. ఆ కట్ట తెగినచో తెగునది మట్టి రాయి మాత్రమే కాదు. రేపు ఇట్లుండునని నమ్మి కట్టుకొన్న బ్రతుకంతయు ఒక్క రాత్రిలో అబద్ధమగును. 2025 ఆగస్టున దిగువవారు మెరకపై నిలిచి చీకటిలో ఆ హోరు వినుచు భయపడినది దానికొరకే. ఉదయమున రాతిగోడ ఉన్నచోటనే ఉన్నదని తెలిసినప్పుడు వారికి తిరిగి వచ్చినది ఆ రేపు.

గోడ నిలిచినదని మురిసి ఊరకుండుట మాత్రము తగదు. ఒక వరదను తట్టుకొన్న గోడ, తరువాతి వరదకు కొంత అలసియుండును. మట్టి కోసిన గొయ్యిని సున్నపు స్ఫటికము పూడ్చదు. చెరువు అడుగున నూరేండ్లుగా పేరుకొన్న ఒండ్రును అది తీయదు. ఆ ఒండ్రువలన చెరువు కట్టిననాటికంటె నేడు తక్కువ నీరు పట్టుచున్నది. కట్టలో మొలచిన రావి మొక్క వేరును అది పెకలింపదు. పైగా మేఘముల నడకయు మారుచున్నది. పూర్వులు ఊహింపని వానలు ఇకమీద రావని చెప్పలేము. 2021లో మన దేశమున ఆనకట్టల భద్రతాచట్టము వచ్చినది. పెద్ద ఆనకట్టలను వానకాలమునకు ముందొకమారు, తరువాత నొకమారు తప్పక పరీక్షింపవలెనని అది శాసించినది. చట్టము మంచిదే. కాని ఊరి ప్రక్కనున్న చిన్న కట్టలకును, కుంటలకును ఆ కన్ను వేయవలసినవారు ఊరివారే.

ఏమి చేయవలెను? పెద్ద పనులు ఇంజనీర్లవి, వారు చేయుదురు. మనము కోరవలసినవి కొన్ని కలవు. పాత సున్నపు గోడకు మరమ్మతు తలపెట్టినప్పుడు, పైపూతకు ముందు ఆ గోడ దేనితో కట్టినదో విచారింపుమని అడుగవలెను. సున్నమునకు సున్నమునే తోడిమ్మని కోరవలెను. సిమెంటు తప్పనిచోట ఎందుకు తప్పదో చెప్పుమనవలెను. గానుగ సున్నము నూరుట ఎరిగిన ముదుసలి మేస్త్రి మీ ఊర నున్నచో, అతనికడ ఇద్దరు పడుచువాండ్రను కూర్చుండబెట్టవలెను. ఆ విద్యకు కూలి గిట్టునట్లు చూడవలెను. గౌరవము మాత్రమిచ్చి కూలి ఈయనిచో ఏ విద్యయు నిలువదు. బడిపిల్లలను ఏడాదికొకమారు కట్టమీదికి తీసికొనిపోయి, తెల్లని చారలను చూపి, ఏది మానుచున్నది, ఏది కారుచున్నది అని అడుగవలెను. జవాబు తప్పు చెప్పినను కొరత లేదు. వచ్చే యేడు వారు మరల చూచి పోల్చుకొందురు.

కథలోని స్ఫటికమును ఒక మూల ఉంచి మరచిపోవచ్చునట. అది లోకమును చూచుకొనునట. మనకు దొరికిన స్ఫటికము అట్టిది కాదు. అది మనతో కలిసి పనిచేయునది. వెంట్రుకవాసి పగుళ్లను నూరేండ్లపాటు ఎవరును చెప్పకయే, ఎవరును చూడకయే అది పూడ్చినది. మిగిలిన పగుళ్లను మనకు విడిచినది.

వానకాలము వచ్చి ఆలేరు పొంగి, పోచారము మత్తడి దుంకునప్పుడు మీలో కొందరు పిల్లలతో చూడబోవుదురు. నీటి తెరను చూచి ఆనందింపుడు. మరల వాగు తగ్గి, గోడ ఆరినపిదప, వీలైనచో ఇంకొకమారు పోయి, రాళ్ల సందులలో ఆ తెల్లని గీతలను కూడ చూచిరండు.